ఒడ్డున కూర్చునేవాడు

పోచయ్య చేసే పనికి పేరేమిటని ఎవరైనా అడిగితే చెప్పడానికి నాకు చాలాకాలం మాట దొరకలేదు. వైద్యుడు కాదు. మాలిష్ చేసేవాడు అంతకంటే కాదు. మాలిష్ అన్నందుకు ఒకసారి నా మీదే అలిగి, ఇచ్చిన టీ తాగకుండా లేచిపోయాడు. "మేం బుగ్గోళ్ళమమ్మా. ఒడ్డున కూసుంటం. గంతే," అనేవాడు. ఫిల్మ్ నగర్‌లో ఒడ్డెక్కడిది చెప్పండి? గుట్టలున్నాయి, గుట్టల్ని కొట్టి కట్టిన ఇళ్ళున్నాయి, ఆ ఇళ్ళ ముందు రోడ్డంతా ఆక్రమించిన కార్లున్నాయి. ఎండాకాలం వస్తే నీళ్ళు కూడా ట్యాంకర్‌లోనే వస్తాయి. అయినా ఆ మనిషి ఇక్కడ కూడా ఒక ఒడ్డు వెతుక్కున్నాడు.

నేను టీవీ సీరియళ్ళకు మాటలు రాస్తాను. నా సీరియళ్ళలో ఇంటినిండా జనం ఉంటారు. అందరూ ఒకేసారి భోజనానికి కూర్చుంటారు, ఒకేసారి ఏడుస్తారు. నా ఇంట్లో మాత్రం నేనొక్కదాన్నే. సినిమా ఎడిటర్‌గా చేసిన మా ఆయన పోయాక కింది వాటా నేను ఉంచుకుని, పై వాటా బసవపున్నయ్య గారికి అద్దెకిచ్చాను. ఆయన ఒకప్పటి ఫైట్ మాస్టర్. రేపల్లె దగ్గరి పల్లెటూరి నుంచి వచ్చి, హీరోల బదులు మేడల మీద నుంచి దూకి, గుర్రాల మీద నుంచి పడి, కాలే గుడిసెల్లోంచి పరిగెత్తి పేరు తెచ్చుకున్నారు. పెళ్ళి చేసుకోలేదు. "పొద్దున దూకడానికి వెళ్ళినవాడు సాయంత్రానికి ఇంటికొస్తాడని ఏ ఆడపిల్లకి హామీ ఇస్తామమ్మాయ్?" అనేవారు. వయసు మీద పడ్డాక ఆ దూకుళ్ళన్నీ కలిసి తుంటిలో చేరి కూర్చున్నాయి. ఈ ఇద్దరి కథ నేను చాలావరకు నా వంటింటి కిటికీలోంచి విన్నదే. మిగతాది పోచయ్య మా మెట్ల మీద కూర్చుని టీ తాగుతూ చెప్పాడు.

పోచయ్యది గోదావరి ఒడ్డున, అడవికీ ఇసుకకీ మధ్య ఇరుక్కున్న ఉడుకుబుగ్గ అనే చిన్న పల్లె. దీపావళి దాటి నది తగ్గితే ఊరి ముందు ఇసుక తేలేది. ఆ ఇసుకలో మోకాలి లోతు తవ్వితే వేడినీళ్ళు ఊరేవి. దాన్నే వాళ్ళు బుగ్గ అనేవారు. పక్కనే చల్లటి గోదావరి పారుతుండేది, గుంటలో మాత్రం ఆవిర్లు. దగ్గరికి వంగితే అగ్గిపుల్ల గీసినప్పటి వాసన. నేల కింద ఒక తల్లి ఉందనీ, ఎటో వెళ్ళిపోయిన కొడుకు వస్తే స్నానానికి నీళ్ళు ఉండాలని పొయ్యి ఆర్పకుండా కూర్చుందనీ వాళ్ళు చెప్పుకునేవారు. ఆ కొడుకు వచ్చాడా అని అడిగాను. "వస్తే నీళ్ళు సల్లబడేటియి గదమ్మా," అన్నాడు పోచయ్య, నాకు ఆమాత్రం తెలియనందుకు ఆశ్చర్యపోతూ.

చలికాలం మొదలైతే ఆ ఇసుక మీద ఊరికి ఊరు వెలిసేది. కీళ్ళు పట్టేసినవాళ్ళు, పక్షవాతంతో చెయ్యి పడిపోయినవాళ్ళు, బొగ్గు గనుల్లో నడుములు పోగొట్టుకున్నవాళ్ళు, తాడిచెట్టు మీద నుంచి పడిన గౌండ్లవాళ్ళు, ఒంటినిండా తామరతో మనుషుల్లో తిరగలేనివాళ్ళు బండ్లు కట్టుకుని వచ్చి, పాకలు వేసుకుని శివరాత్రి దాకా ఉండిపోయేవారు. బుగ్గోళ్ళు వాళ్ళకు గుంటలు తవ్వేవారు. వేడి ఎక్కువైతే నది నుంచి పిల్లకాలువ తీసి చన్నీళ్ళు కలిపేవారు. వావిలాకు వేసేవారు, వేడి ఇసుక మూట కట్టి నడుముకు కాపడం పెట్టేవారు. వానాకాలం గోదావరి వచ్చి గుంటలన్నీ పూడ్చేసి పోయేది. మళ్ళీ ఏడాది మళ్ళీ తవ్వడమే.

"అందరికీ నయమయ్యేదా?" అని అడిగాను. నాకు ఇలాంటివాటి మీద నమ్మకం తక్కువ.

"కొందరికి అయ్యేది, కొందరికి గాకపోయేది," అన్నాడు. "కొందరికి నొప్పి గట్లనే ఉండి పానం మాత్రం నిమ్మళమయ్యేది."

వేడినీళ్ళలో ఎక్కువసేపుంటే మనిషికి మత్తు కమ్ముతుంది. కళ్ళు మూతలు పడి తల వాలిందంటే అంతే సంగతులు. అందుకని ఉడుకుబుగ్గలో ఎవరూ ఒంటరిగా గుంటలో దిగకూడదు. బుగ్గోడు ఒకడు గుంటకు వీపు పెట్టి ఒడ్డున కూర్చోవాలి. ఉండుండి "ఉన్నవా?" అని పిలవాలి. లోపలి మనిషి "ఉన్న" అనాలి. మూడు పిలుపులకూ పలుకు రాకపోతేనే వెనక్కి తిరగాలి. దొర దిగినా కూలీ దిగినా అక్కడ పిలుపు ఒక్కటే. బట్టలు విప్పి నీళ్ళలో కూర్చున్నవాడికి మర్యాదలెందుకని వాళ్ళ వాదన.

ఇంకో ఆచారం ఉంది, అది వింటే నాకు ఒళ్ళు మండింది. నయమైనవాళ్ళు చెప్పకుండా వెళ్ళిపోవాలట. మనం పక్కవీధికి పోతూ కూడా "వెళ్ళొస్తా" అంటామా, అక్కడ ఆ మాట నోటి నుంచి వస్తే రోగం ఆ మాటనే పట్టుకుని వెనక్కి వస్తుందట. స్నానానికి కట్టుకున్న బట్ట ఒడ్డున మడిచిపెట్టి, ఎవరూ లేవకముందే బయలుదేరాలి. బుగ్గోడు పొద్దున వచ్చి ఆ బట్ట చూసి, దాన్ని పారే నీళ్ళలో వదిలి నవ్వాలి. వెళ్ళినవాణ్ణి వెతకకూడదు, వాడి ఊరికి వెళ్ళి పలకరించకూడదు. నొప్పి తిరగబెట్టి వాళ్ళే కబురు పెడితే తప్ప మళ్ళీ ముఖం చూడకూడదు. నెలల తరబడి పగలంతా "ఉన్నవా, ఉన్న" అనుకున్న మనిషి, ఆ తర్వాత ఉన్నాడో లేడో కూడా తెలియదన్నమాట. ఇంత రాతిగుండె ఆచారం ఎవరు పెట్టారో గానీ, పెట్టినవాడికి స్నేహితులు ఉండి ఉండరు.

మీసాలు వస్తున్న వయసులో పోచయ్య మొట్టమొదట ఒడ్డున కూర్చున్నది వెంకటనర్సయ్య అనే గని కార్మికుడి కోసం. నడుము వంగిపోయి వచ్చిన ఆ మనిషి నీళ్ళలో కూర్చుని గనిలో ఎలుకల కథలు చెప్పేవాడు, పోచయ్యకు రెండు వేళ్ళతో ఈల వెయ్యడం నేర్పాడు. ఒకరోజు పొద్దున పాక ఖాళీగా ఉంది. ఒడ్డున పంచె ఉంది. పోచయ్యకు ఏడుపు ఆగలేదు. వాళ్ళ నాయన వచ్చి భుజం మీద చెయ్యి వేసి, "మంచిగైండురా. నవ్వు," అన్నాడట. పోచయ్య నవ్వాడు. ఆ తర్వాత బతుకంతా అలా నవ్వుతూనే ఉన్నాడు.

ఆడవాళ్ళ గుంటలు ఇసుకదిబ్బకు అవతల ఉండేవి. అక్కడ ఒడ్డున కూర్చునేది పోచయ్య పెళ్ళాం రాజమ్మ. ఇటు నుంచి ఇతను పిలుస్తుంటే అటు నుంచి ఆమె పిలుపు వినపడేదట. శివరాత్రి పోయి, చివరి బండి కూడా ఊరు దాటాక, నది వచ్చి పూడ్చే లోపల మొగుడూపెళ్ళాలిద్దరూ వంతులు వేసుకుని గుంటలో దిగేవారు. ఆమె దిగితే ఇతను కూర్చునేవాడు, ఇతను దిగితే ఆమె. "గదే మాకు పండుగ," అన్నాడు పోచయ్య. ఆ తర్వాత కొన్నేళ్ళకు గోదావరిలో నీళ్ళు నిలవడం మొదలై ఇసుక తేలడం మానేసింది. ఎందుకు నిలిచాయో తలా ఒకటి చెప్పారు. బుగ్గ నీళ్ళ కిందే ఉండిపోయింది. మనుషులు చెట్టుకొకరు పుట్టకొకరు అయిపోయారు. రాజమ్మ జ్వరంతో పోయింది. వాళ్ళకు పిల్లలు లేరు. పోచయ్య ఒక మేస్త్రీ వెంట సెంట్రింగ్ పనికి హైదరాబాద్ వచ్చి, రహమత్ నగర్‌లో ఒక గది కిరాయికి తీసుకున్నాడు. కిటికీ తెరిస్తే పక్కింటి గోడ చేతికి తగిలే గది. చుట్టూ అంత జనం. అందులో పోచయ్యను పేరు పెట్టి పిలిచేవాడు ఒక్కడూ లేడు.

ఆ మేస్త్రీ జూబ్లీహిల్స్‌లో ఒక వెల్‌నెస్ సెంటర్ కడుతుంటే పోచయ్య అక్కడ పనిచేశాడు. రిత్విక్ అనే కుర్ర మేనేజర్‌కు ఇతని ఊరి సంగతి ఎలాగో చెవిన పడింది. ఇంకేముంది, ప్లాస్టర్‌తో బండరాళ్ళు పోశారు, వాటి మధ్య గీజర్ పైపు పెట్టారు, పక్కన నవ్వే బుద్ధుడు. పోచయ్యకు కాషాయరంగు లాల్చీ కుట్టించి "ట్రెడిషనల్ హాట్ స్ప్రింగ్ మాస్టర్" అని బ్రోషర్‌లో ఫొటో వేశారు. ఆ ఫొటో నేను చూశాను. ఫొటోలో పోచయ్యకు ముఖం ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. అతను మాత్రం పని మామూలుగానే చేశాడు. తలుపు బయట వీపు పెట్టి కూర్చుని "ఉన్నవా?" అని పిలిచాడు. రెండోరోజుకే ఫిర్యాదులు. డబ్బు కట్టి ప్రశాంతత కోసం వస్తే బయట నుంచి ఎవరో నువ్వంటూ కేకలేస్తున్నాడేంటని. రిత్విక్ మంచి కుర్రాడే, తీసేయలేదు, తువ్వాళ్ళు ఉతికే గదికి మార్చాడు. లాల్చీ మాత్రం వెనక్కి తీసుకున్నారు.

మా బసవపున్నయ్య గారు ఆ సెంటర్‌కు వెళ్ళింది ఎవరో నిర్మాత పుట్టినరోజు కానుకగా ఇచ్చిన కూపన్‌తో. తొట్టిలో కళ్ళు మూసుకుని ఉన్నారట. బయట పోచయ్య తువ్వాళ్ళ బుట్ట మోసుకుంటూ పోతూ, తలుపు కింద నుంచి ఆవిరి వస్తుంటే పాత అలవాటు కొద్దీ "ఉన్నవా?" అనేశాడు. అనేసి నాలుక కరుచుకున్నాడు, ఉద్యోగం పోయిందనే అనుకున్నాడు.

"ఉన్నా," అన్నారు లోపలి నుంచి బసవపున్నయ్య గారు.

ఆ సాయంత్రం కమ్మీ పట్టుకుని ఒక్కో మెట్టే ఎక్కుతూ నాతో అన్నారు: "ఎన్నేళ్ళయిందమ్మాయ్, ఉన్నావా అని నన్నొకడు అడిగి!" పైన ఆయన ఉన్నారో లేదో నేను నీళ్ళ మోటార్ చప్పుడుని బట్టి తెలుసుకునేదాన్ని. అడిగింది ఎప్పుడూ లేదు.

పోచయ్యను ఇంటికి రమ్మని ఆయన అక్కడే అడిగారట. మర్నాటి నుంచే అతను మా ఇంటికి రావడం మొదలైంది. పొద్దున్నే రహమత్ నగర్‌లో షేర్ ఆటో ఎక్కి, గుట్ట కింద దిగి నడిచి వచ్చేవాడు. దారిలో ఖాళీ ప్లాట్ గోడ పక్కన పెరిగిన వావిలి చెట్టు నుంచి కొమ్మలు తుంచుకొచ్చేవాడు. పైన మేడ గదిలో బసవపున్నయ్య గారికి ఒక తొట్టి ఉంది. సెట్టు పీకేసేటప్పుడు తెచ్చుకున్నది. చూస్తే పాలరాయి, తట్టి చూస్తే ఫైబర్. సింహం కాళ్ళు కూడా ఉన్నాయి. ఎందరో హీరోయిన్లు సబ్బునురగలో కూర్చుని పాటలు పాడిన ఆ తొట్టికి నీళ్ళు పోయే దారి మాత్రం లేదు, సెట్టులో దాంతో పనేముంది! ప్లంబర్‌ను పిలిచి అడుగున కన్నం పెట్టించారు. పోచయ్య దానిలో వేడినీళ్ళు నింపి, ఆకు వేసి, ముసలాయన్ని లోపల కూర్చోబెట్టి, తను గడప మీద వీపు తిప్పుకుని కూర్చునేవాడు.

మొదటి రోజే బుగ్గ ఆచారమంతా చెప్పాడు. మంచిగైతే చెప్పకుండా పోవాలి, "వెళ్ళొస్తా" అనకూడదు, నన్ను తలవకూడదు, నేను రాకూడదు. గర్వంగానే చెప్పాడు. తన ఊరు మిగిల్చిన ఆస్తి అదొక్కటే మరి. బసవపున్నయ్య గారు శ్రద్ధగా విని, "నువ్వు చెప్పినట్టే," అని చేతిలో చెయ్యి వేశారు. ఫైటర్లకు ఒక పద్ధతి ఉంది. పైనుంచి దూకేటప్పుడు తాడు పట్టుకునేవాడు ఏం చెప్తే అది చెయ్యాలి, వాదించకూడదు. వాదించినవాళ్ళు ఎక్కువకాలం బతకలేదని ఆయన అనేవారు.

అప్పటి నుంచి రోజూ పొద్దున నా వంటింట్లోకి ఆ మాటలు దిగి వచ్చేవి. "ఉన్నవా?" "ఉన్నా." కాసేపటికి మళ్ళీ. మధ్యలో ఒక్కోసారి కబుర్లు. ఏ కోట గోడ మీద నుంచి దూకితే ఏ ఎముక విరిగిందో ఈయన, ఏ గుంటలో ఎవరు దిగారో అతను. రాజమ్మ గొంతు ఎలా ఉండేదో చెప్తూ పోచయ్య ఒకరోజు చాలాసేపు ఆగిపోయాడు. అప్పుడు లోపలి నుంచి బసవపున్నయ్య గారే, "పోచయ్యా, ఉన్నావా?" అన్నారు. ఒకరోజు వంకాయలు తరుగుతూ పిలుపు వినపడగానే నేనే "ఉన్నా" అనేశాను. నాకే నవ్వొచ్చింది. తర్వాత నవ్వు రాలేదు.

న్యాయంగా చెప్పాలంటే ముసలాయన తుంటి బాగుపడటంలో సగానికి పైగా గొప్ప లాస్యది. లాస్య ఫిజియోథెరపీ అమ్మాయి. వచ్చి ఆయన చేత కాళ్ళు ఎత్తించేది, దింపించేది, బద్ధకిస్తే కసిరేది. వేడినీళ్ళు మంచివే, కండరాలు వదులవుతాయి, కానివ్వండి అనేది. వాకర్ పోయి కర్ర వచ్చింది. చలికాలం వెళ్ళేసరికి ఆ కర్ర కూడా మూలకు చేరింది. ఆయన ఒక్కో మెట్టు దిగుతూ గేటు దాకా వచ్చి, మళ్ళీ కుర్రాడైనట్టు నా వైపు చూసి మీసం దువ్వారు.

పోచయ్య ముఖం మాత్రం రోజురోజుకీ వాడిపోయింది. "మాస్టర్‌కు మంచిగైతున్నది," అనేవాడు టీ గ్లాసులోకి చూస్తూ. ఆ మాట అనేటప్పుడు ఎవరైనా సంతోషిస్తారు. ఇతను గ్లాసు తిప్పుతూ కూర్చునేవాడు. నాకు అప్పటికి అర్థమైంది. ఆ తుంటి పూర్తిగా నయమైన రోజున ఈ మనిషికి లోకంలో మాట్లాడేందుకు ఎవరూ మిగలరు.

"ఆ ఆచారం ఊరితోనే పోయింది, వదిలెయ్ పోచయ్యా," అన్నాను.

"ఊరు పాయె, బుగ్గ పాయె. ఇదిగూడ ఇడిస్తే ఇగ నేనెవ్వన్నమ్మా?" అన్నాడు. సీరియల్ అయితే దానికి ఏదో ఒక జవాబు రాసేదాన్ని.

మార్చిలో ఒకరోజు పొద్దున పోచయ్య ఎప్పటిలా వావిలి కొమ్మలతో మెట్లెక్కాడు. ఎక్కినవాడు వెంటనే దిగాడు. చేతిలో నీలం గళ్ళ తువ్వాలు ఉంది, చక్కగా మడిచి ఉంది. పైన తలుపుకు తాళం వేసి ఉంది. గడప మీద తువ్వాలు పెట్టి, చీకటి విడవకముందే బసవపున్నయ్య గారు వెళ్ళిపోయారు. ఏదో సినిమాకు కొత్త ఫైటర్లకు నేర్పమని పిలిచారట, కారు వచ్చింది. నాతోనూ చెప్పలేదు. పోచయ్య నా ఎదురుగా నిలబడి నవ్వాడు. ఆ నవ్వు చూసి నేను తల తిప్పుకున్నాను. "మంచిగైండమ్మా," అని, కొమ్మలు మా మెట్ల మీద పెట్టేసి గేటు దాటాడు.

ఆయన వారం తిరక్కుండానే ఇంటికి వచ్చేశారు. పైన నడుస్తున్న చప్పుడు, చక్కగా రెండు కాళ్ళతో. పోచయ్య రాలేదు. ఆయన పిలవలేదు. రహమత్ నగర్ ఎంత దూరం? గట్టిగా ఈల వేస్తే వినపడదు గానీ, ఆటో ఎక్కితే ఎంతసేపు? పైకి వెళ్ళి అడిగేశాను.

"ఫోన్ చెయ్యొచ్చు కదండీ?"

"మాటిచ్చానమ్మాయ్."

"ఆ మాట అతనికే అక్కర్లేదేమో!"

"తాడు పట్టుకున్నవాడు చెప్పిందే చెయ్యాలి," అని కిటికీ వైపు తిరిగారు. ఆ కిటికీలోంచి మా గేటు కనిపిస్తుంది. తొట్టిలో నీళ్ళు లేవు, పాత పేపర్లు పడేసి ఉన్నాయి. నాకు ఇద్దరి మీదా కోపం వచ్చింది. కిందికొచ్చి ఆ రోజు ఎపిసోడ్‌లో అత్తగారి చేత అందరినీ తిట్టించాను. ఛానెల్ వాళ్ళు చాలా బాగుందన్నారు.

ఎండాకాలమంతా అలాగే గడిచింది. పోచయ్య తువ్వాళ్ళ గదిలో పగలంతా పిండడం, ఆరేయడం, మడవడం. ఒక్కో తువ్వాలు మడిచేటప్పుడు ఎవరో నయమై వెళ్ళిపోయినట్టే అనిపించేదట. గదికి వెళ్ళి బకెట్‌లో నీళ్ళు పోసుకునేటప్పుడు "ఉన్నవా?" అని తనే అని, "ఉన్న" అని తనే అనుకునేవాడట. ఇదంతా తర్వాత చెప్పాడు. చెప్పేటప్పుడు సిగ్గుపడ్డాడు.

నీలం గళ్ళ తువ్వాలు మాత్రం అతని దగ్గరే ఉంది. పారే నీళ్ళలో వదలాలి కదా. ఒక ఆదివారం బస్సెక్కి మూసీ దాకా పోయాడు. వంతెన మీద నిలబడి ఆ నల్లటి నీళ్ళను చూసి, మంచి మనిషి బట్ట ఇందులో ఎట్ల ఏస్తనని తిరిగి వచ్చేశాడు. తప్పంతా మూసీ మీదకు తోశాడు గానీ, గోదావరి ఎదురుగా ఉన్నా ఆ తువ్వాలు వదిలేవాడు కాదు. అది గదిలో మేకుకు వేలాడుతుంటే ఎవరో స్నానానికి వెళ్ళి ఇప్పుడే వస్తారన్నట్టు ఉండేదట. బట్ట ఉంచుకుంటే నొప్పి వెనక్కి వస్తుందని అతనికి తెలుసు. తెలిసే ఉంచుకున్నాడు. బుగ్గోళ్ళలో అంత పెద్ద తప్పు ఎవరూ చేయలేదన్నాడు.

వానలు పడ్డాయి. ఒకరోజు మధ్యాహ్నం పైనుంచి బసవపున్నయ్య గారు నాకు ఫోన్ చేశారు. "అమ్మాయ్, తుంటి పట్టేసింది. లేవలేకపోతున్నా. పోచయ్యకి కబురు పెట్టు," అన్నారు. నాకు అనుమానం వచ్చింది. ఆ పొద్దునే ఆయన వర్షంలో తడుస్తూ పాల ప్యాకెట్ కోసం గేటు దాకా వచ్చి వెళ్ళడం చూశాను. అయినా నోరు మెదపకుండా పోచయ్యకు ఫోన్ చేశాను.

"నొప్పి వచ్చిందా?" అన్నాడు.

అరగంటలో తడిసి ముద్దయి వచ్చాడు. చేతిలో ప్లాస్టిక్ కవర్, అందులో తువ్వాలు. మెట్ల దగ్గరే నా ముందు కూలబడ్డాడు. "నేనే చేసినమ్మా. బట్ట ఇడువలే. మాస్టర్‌కు మళ్ళ నొప్పి రావాలెనని మనసుల అనుకున్న. అనుకున్న, అయింది," అని ముఖం కప్పుకున్నాడు. పెద్దవాళ్ళకు వానాకాలం కీళ్ళు పట్టేస్తాయి, తువ్వాలుకేం తెలుసయ్యా అని ఎంత చెప్పినా వినలేదు. చెయ్యి పట్టుకుని పైకి తీసుకెళ్ళాను.

బసవపున్నయ్య గారు మంచం మీద గోడవైపు తిరిగి పడుకుని మూలుగుతున్నారు. ఆయనకు కింద పడటం వచ్చినంత బాగా మూలగడం రాదు. పోచయ్య పక్కన కూర్చుని తుంటి మీద చెయ్యి వేశాడు. కాసేపు నొక్కి చూశాడు. ఇంకోచోట నొక్కాడు. నెమ్మదిగా చెయ్యి తీసేశాడు.

"మాస్టరూ, నొప్పి ఏడున్నది?"

మూలుగు ఆగింది. ముసలాయన గోడవైపు చూస్తూనే అన్నారు: "లేదు."

"మరి ఎందుకు పిలిపిచ్చిన్రు?"

"నొప్పి వస్తేనే నువ్వు రావాలన్నావు కదా. ఇంకెలా పిలవనయ్యా?"

పోచయ్య లేచి నిలబడ్డాడు. ఎగిరి గంతేస్తాడనుకున్నాను. కోపంతో ఊగిపోయాడు. "గిది ఆటనా? లేని నొప్పిని ఉన్నదంటే ఊకె ఉంటదా? నేను తొవ్వపొంటి ఎంత ఏడ్సిన్నో మీకెరుకనా?" అంటూ ఎడంచేత్తో కవర్ మంచం మీద పడేశాడు. "నొప్పి లేకుంటె నేనీడ ఉండొద్దు. పోత." గుమ్మం దాకా వెళ్ళాడు కూడా. ఆ గుమ్మం దాటితే ఈసారి ఎవరు పిలిచినా రాడని నాకు అర్థమైంది. బసవపున్నయ్య గారికీ అర్థమైనట్టుంది. చకచకా మంచం దిగి, నడుచుకుంటూ వచ్చి, అంత కోపంలోనూ కదలకుండా వేలాడుతున్న అతని కుడి భుజం పట్టుకుని నొక్కారు. పోచయ్య "అబ్బా!" అని వంగిపోయాడు. తువ్వాళ్ళు పిండీ పిండీ ఆ భుజం పైకి లేవడం మానేసి చాలాకాలమైందట. ఎవరితోనూ అనలేదు. అనడానికి ఎవరున్నారు?

"నొప్పి నాకే ఉండాలని ఉందా మీ ఆచారంలో?" అన్నారు బసవపున్నయ్య గారు. "నీకుంటే సరిపోదా?"

పోచయ్య భుజం పట్టుకుని అక్కడే గడప మీద చతికిలబడ్డాడు.

"నీకెవరు కూర్చునేవారు ఒడ్డున?"

"రాజమ్మ," అన్నాడు. "ఆమె పోయినంక మళ్ళ దిగలే."

ముసలాయన తొట్టిలో పేపర్లు తీసి పక్కన పడేశారు. గీజర్ వేశారు. నేను గొడుగేసుకుని ఖాళీ ప్లాట్ దాకా వెళ్ళి వావిలి కొమ్మలు విరుచుకొచ్చాను. పోచయ్య వద్దు వద్దంటూనే ఉన్నాడు, కానీ పోలేదు. నీలం గళ్ళ తువ్వాలు కట్టుకుని, ఆ సింహం కాళ్ళ తొట్టిలోకి, పరాయి ఇంట్లోకి వచ్చినవాడిలా భయపడుతూ దిగాడని తర్వాత మాస్టర్ చెప్పారు. నేను అప్పటికే కిందికి వచ్చి టీ పెట్టాను. వాన వెలిసింది. కిటికీ తెరిచి ఉంది.

పైన కుర్చీ జరిపిన చప్పుడు వినపడింది. గడప మీద కూర్చోవడానికి ఆయన తుంటి ఇంకా ఒప్పుకోదు. గొంతు సవరించుకుని, కొత్తగా డైలాగ్ చెప్పేవాడిలా పిలిచారు:

"పోచయ్యా, ఉన్నావా?"

జవాబు లేదు. టీ పొంగుతుంటే స్టవ్ తగ్గించాను.

"పోచయ్యా, ఉన్నావా?"

వినపడింది నాకు. జవాబు కాదు, ఏడుపు. చిన్నపిల్లలు నోట్లో బట్ట కుక్కుకుని ఏడ్చినట్టు. పైన కుర్చీ కిర్రుమంది. మూడో పిలుపుకు పలకకపోతే వెనక్కి తిరగాలి కదా, ముసలాయన పద్ధతి మనిషి, తిరగడానికి సిద్ధమవుతున్నారు.

"పోచయ్యా..."

"ఉన్న, ఉన్న," అన్నాడు పోచయ్య. "గిటు తిరగకుండ్రి మాస్టరూ. ఉన్న."